పుట్టుక లెక్క: సరిహద్దు ఊళ్లలో జనన నమోదు కథ

పుట్టిన తేదీ చెప్పమంటే మన పెద్దవాళ్లు తేదీ చెప్పేవారు కాదు. "చెరువు తెగిన ఏడు, శ్రావణ మాసం, శుక్రవారం తెల్లవారుజామున" అనేవారు. ఇంట్లో వాళ్లకు ఆ లెక్క సరిపోయేది. బడిలో చేర్చే రోజున అయ్యవారు పిల్లవాణ్ణి ఎగాదిగా చూసి, తలమీదుగా చెయ్యి తిప్పి చెవి అందుతుందో లేదో చూసి, ఒక తేదీ వేసుకునేవారు. అందుకే మనలో చాలామంది కాగితాల ప్రకారం జూన్ నెలలోనో, జూలై 1వ తేదీనో పుట్టినవాళ్లమే.

ఆ తేదీతో సగం జీవితం గడిచిపోతుంది. ఉద్యోగం దగ్గరో, పింఛను దగ్గరో, పాస్‌పోర్టు దగ్గరో, కులం సర్టిఫికెట్టు దగ్గరో ఒకనాడు ఎవరో ఒక గుమాస్తా, "పుట్టిన ఊరి నుంచి జనన నమోదు నకలు పట్టుకురండి, ముద్ర ఉన్న నకలు కావాలి" అంటాడు. సరిహద్దు జిల్లాల్లో ఉన్న మనకు చిక్కు అక్కడ మొదలవుతుంది. పుట్టింది ఒక రాష్ట్రంలో, పెరిగింది ఇంకో రాష్ట్రంలో. పుట్టిన రోజున ఆ ఊరు ఉన్న రాష్ట్రం ఒకటి, ఈ రోజున ఉన్న రాష్ట్రం మరొకటి. ఆ పుస్తకం ఎక్కడుంది? ఎవరు రాశారు? ఏ భాషలో రాశారు? ఈ ప్రశ్నలకు జవాబు దొరకాలంటే కొంచెం చరిత్ర తెలుసుకోవాలి. ఈనాటి ప్రసంగంలో ఆ చరిత్రా, దాని వెంట నడిస్తే నకలు దొరికే దారీ మనవి చేస్తాను.

మన దేశంలో చావుపుట్టుకల లెక్క రాయించడం మొదలుపెట్టినప్పుడు ప్రభుత్వం దృష్టి మన పుట్టినరోజుల మీద లేదు. 1857 తిరుగుబాటు తరువాత ఇంగ్లీషు సైనికులు యుద్ధంలో కంటే కలరాతో, జ్వరాలతో ఎక్కువగా చనిపోతున్నారని గమనించి, 1859లో ఒక రాయల్ కమిషన్ వేశారు. ఆ కమిషన్ నివేదిక 1863లో వచ్చింది. దండు బాగుండాలంటే చుట్టుపక్కల ఊళ్లలో ఏ రోగం తిరుగుతోందో తెలియాలి, అది తెలియాలంటే ఊరూరా చావుల లెక్క ఉండాలి అన్నారు. 1864లో మద్రాసు, బొంబాయి, బెంగాల్ రాజధానుల్లో శానిటరీ కమిషన్లు ఏర్పడ్డాయి. చావుల లెక్క వెనకాలే పుట్టుకల లెక్కా వచ్చింది.

ఈ పని ఎవరికి అప్పగించారు? కొత్త ఉద్యోగుల్ని పెట్టలేదు. ఊళ్లో అప్పటికే ఉన్న మునసబు నెత్తిన ఇంకో పుస్తకం పెట్టారు. తలారి ఇంటింటి సంగతి తెచ్చి చెబితే మునసబు రాసుకునేవాడు. తండ్రి పేరు, కులం, బిడ్డ మగా ఆడా, పుట్టిన తేదీ, ఇంతే. బిడ్డ పేరు? మన ఇళ్లలో పదకొండో రోజునో, ఇరవయ్యొకటో రోజునో కదా బారసాల చేసి పేరు పెట్టేది! తలారి వచ్చి వెళ్లేనాటికి బిడ్డకు పేరే లేదు. అందుకే పాత పుస్తకాల్లో వేలాది వరుసల్లో పేరు గడి ఖాళీగా ఉంటుంది. "ఆడ శిశువు" అని రాసి ఉంటుంది, అంతే. నకలు తీసుకున్నవారు "ఇందులో నా పేరు లేదే" అని కంగారుపడతారు. ఆ వరుస మనదేనని తల్లిదండ్రుల పేర్లూ, తేదీ, వీధి కలిసి చెబుతాయి.

మద్రాసు రాజధానిలో 1899లో దీనికి చట్టం వచ్చింది. ఆ ఏటి మూడో చట్టం అది. ప్రభుత్వం ప్రకటించిన ప్రాంతాల్లో పుట్టుకనూ చావునూ తప్పనిసరిగా నమోదు చేయించాలని ఆ చట్టం చెప్పింది. ఈనాడు మనం ఆంధ్ర, తమిళనాడు, కర్ణాటక, ఒడిశా అని విడివిడిగా చెప్పుకునే చాలా ఊళ్లు అప్పుడు ఆ ఒక్క రాజధానిలోనే ఉండేవి. బళ్లారి మద్రాసులోదే. బరంపురం, పర్లాకిమిడి, జయపురం మద్రాసులోవే. హోసూరు, తిరుత్తణి సరేసరి. ఈ ఊళ్లన్నిటి పాత పుస్తకాల తీరు ఒక్కటే.

మిగిలిన చోట్ల ఎవరి పద్ధతి వారిది. బెంగాల్‌లో 1873లోనే ఒక చట్టం ఉంది; 1912 దాకా కటకం, పూరీ బెంగాల్ కిందివే గనుక, అటువైపు ఊరి చౌకీదారు ఠాణాలో చెప్పడం అలవాటు. సిరోంచ ఉన్న మధ్య పరగణాల్లో ఊరి కోత్వాలు తన పుస్తకం పట్టుకుని వారానికోసారి ఠాణాకు వెళ్లేవాడు. దాన్నే ఇప్పటికీ అక్కడివారు కోత్వాల్ పుస్తకం అంటారు. మహారాష్ట్ర రెవెన్యూ కాగితాల్లో జనన మరణాల పట్టీకి గ్రామ నమూనా 14 అని పేరు. ఆ పాత కాగితాల్లో కులం రాసి ఉండేది కాబట్టి, 2023లో కుణబీ నమోదుల కోసం అక్కడి ప్రభుత్వం ఆ పుస్తకాలను జిల్లా జిల్లాలో దుమ్ము దులిపి వెతికించింది. వందేళ్ల కిందట ఎవరో రాసిన ఒక్క వరుస ఈనాటి పిల్లవాడి చదువునూ ఉద్యోగాన్నీ నిర్ణయించగలదని అందరికీ అప్పుడు తెలిసింది.

నిజాం రాజ్యంలో కథ వేరు. రాయచూరు, బీదరు, గుల్బర్గా, నాందేడు, రాజూరా, కిన్వట్ ఊళ్లలో పటేళ్ల చేతిలో ఉన్న దస్త్రాలు ఎక్కువగా ఉర్దూలో ఉంటాయి. తేదీలు ఫసలీ సంవత్సరంలో ఉంటాయి. నెలల పేర్లు ఆజూర్, దై, బహమన్ అని వస్తాయి. చూడగానే భయపడనక్కరలేదు. అక్కడి ఫసలీ ఏడు అక్టోబరు మొదటి వారంలో మొదలవుతుంది. ఫసలీ అంకెకు 590 కలిపితే ఆ ఏడు ఏ ఇంగ్లీషు సంవత్సరంలో మొదలైందో తెలుస్తుంది. 1350 ఫసలీ అంటే 1940 అక్టోబరు నుంచి 1941 అక్టోబరు మొదటి దాకా అన్నమాట.

ఇక యానాం. గోదావరి ఒడ్డున ఉన్నా, ఆ ఊరి పుట్టుక లెక్క ఫ్రెంచివారి పద్ధతిలో నడిచింది. వారు దాన్ని ఎతా సివిల్ అంటారు. 1880లో ఫ్రెంచి ఇండియాలో కమ్యూన్‌లు ఏర్పడి, మేయరు కార్యాలయమే ఈ పుస్తకాలకు ఇల్లయింది. మన మునసబు ఒక గీత గీసి నాలుగు గడులు నింపితే, అక్కడ ఒక పూర్తి వాక్యంలో రాసేవారు. ఫలానా తేదీన, ఫలానా గంటకు, ఫలానావారు సాక్షులతో వచ్చి చెప్పగా నమోదు చేశాము అని. బిడ్డ పేరు అందులోనే ఉంటుంది. పైగా ఫ్రెంచివారు వలస రాజ్యాల పుస్తకాలకు అదనపు ప్రతిని తమ దేశానికి పంపాలని 1776లోనే నియమం పెట్టుకున్నారు. 1954 నవంబరు 1న యానాం పాలన భారతదేశం చేతికి వచ్చింది. 1962 ఆగస్టు 16న చట్టరీత్యా కలిసింది. అయినా తాత పుట్టుక వాక్యం ఫ్రెంచిలోనే ఉండిపోయింది.

ఇన్ని పద్ధతుల్లో రాసిన ఊళ్ల మీదుగా తరువాత గీతలు మారాయి. 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా ఏర్పడినప్పుడు గంజాం జిల్లాలో చాలా భాగం, జయపురం సంస్థానం మద్రాసు నుంచి అటు వెళ్లాయి. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం వచ్చినప్పుడు బళ్లారి జిల్లా చీలింది. ఆదోని, ఆలూరు, రాయదుర్గం ఆంధ్రలో ఉండిపోయాయి; బళ్లారి, హోస్పేట, సిరుగుప్ప మైసూరుకు వెళ్లాయి. 1956 నవంబరు 1న హైదరాబాదు రాష్ట్రం మూడు ముక్కలయింది. ఆదిలాబాదు జిల్లా రాజూరా తాలూకా బొంబాయి రాష్ట్రంలో కలిసింది. 1960 ఏప్రిల్ 1న తిరుత్తణి చిత్తూరు జిల్లా నుంచి మద్రాసుకు పోయింది; సత్యవేడు వైపు ఊళ్లు చెంగల్పట్టు జిల్లా నుంచి ఆంధ్రకు వచ్చాయి.

కాబట్టి 1950లో రాయదుర్గంలో పుట్టిన ఆమె పుట్టింది మద్రాసు రాష్ట్రం బళ్లారి జిల్లాలో. 1958లో తిరుత్తణిలో పుట్టినాయన పుట్టింది ఆంధ్రప్రదేశ్‌ చిత్తూరు జిల్లాలో. ఊరు జరగలేదు, గీత జరిగింది. పుస్తకం కోసం ముందుగా ఆ ఊరు ఇప్పుడున్న తాలూకా కార్యాలయంలోనో, పురపాలక సంఘంలోనో అడగాలి. అక్కడ లేదంటే, పుట్టిననాటి జిల్లా కేంద్రం ఏదో చెప్పి అక్కడ అడగాలి. దరఖాస్తులో ఊరు పేరుతో పాటు అప్పటి తాలూకా, అప్పటి జిల్లా కూడా రాస్తే గుమాస్తాకు వెతకడం సులువు.

పుస్తకాల జాడ మారడానికి ఇంకో కారణం కూడా ఉంది. తరతరాలుగా వచ్చిన మునసబు, కరణం పదవులను తమిళనాడులో 1980 నవంబరులో, ఆంధ్రప్రదేశ్‌లో 1984 జనవరిలో రద్దు చేశారు. అంతవరకు ఊరి దస్త్రమంటే మునసబుగారింటి పెట్టెలో ఉండేది. తరువాత ఆ పెట్టెలు ప్రభుత్వ కార్యాలయాలకు చేరవలసి వచ్చింది. అన్నీ చేరాయని, చేరినవన్నీ చెదలు లేకుండా ఉన్నాయని ఎవరూ అనరు. తమిళనాట పల్లెల పాత జనన పుస్తకాలు పొలాలూ ఇళ్లూ రిజిస్టరయ్యే సబ్ రిజిస్ట్రారు కార్యాలయాల్లో చేరాయి. అది తెలియక గ్రామాధికారి చుట్టూ నెలల తరబడి తిరిగేవాళ్లున్నారు.

దేశమంతటికీ ఒకే చట్టం 1969లో వచ్చింది. దాని పేరు జనన మరణాల నమోదు చట్టం. చాలా రాష్ట్రాల్లో 1970 ఏప్రిల్ 1 నుంచి అమలయింది. 1899 నాటి మద్రాసు చట్టం లాంటివన్నీ దాని ముందు తప్పుకున్నాయి. అయితే పల్లెల్లో రాసేవారు మాత్రం రాష్ట్రానికొక రకంగానే ఉండిపోయారు. ఆంధ్రలో పంచాయతీ కార్యదర్శి, మహారాష్ట్రలో గ్రామసేవకుడు, కర్ణాటకలో చాలాకాలం గ్రామ లెక్కిగుడు, ఒడిశాలో ప్రాథమిక ఆరోగ్య కేంద్రం వైద్యాధికారి. పట్టణాల్లో పురపాలక సంఘం. ఒక రాష్ట్రంలో అలవాటైన తోవలోనే పక్క రాష్ట్రంలో వెళితే తప్పు తలుపు తట్టినట్టవుతుంది.

ఈ చట్టంలో మనం గుర్తుంచుకోవలసిన మాట ఒకటుంది. పుట్టుకను నమోదు చేసేది బిడ్డ పుట్టిన చోట. తండ్రి ఉండే ఊరితో, రేషను కార్డున్న ఊరితో దానికి సంబంధం లేదు. ఇది చిన్న మాటలా కనిపిస్తుంది గాని మన ఇళ్లలో దీని బరువు ఎక్కువ. ఎందుకంటే మనకు మొదటి కాన్పు పుట్టింట్లో చెయ్యడం ఆచారం. మదనపల్లె పిల్లను కోలారుకు ఇచ్చారనుకోండి. ఏడో నెలలో సీమంతం చేసి పుట్టింటికి తీసుకువస్తారు. బిడ్డ మదనపల్లెలో పుడతాడు, మూడో నెలలో కోలారు వెళతాడు, అక్కడే పెరిగి పెద్దవాడవుతాడు. యాభై ఏళ్ల తరువాత కోలారు కార్యాలయంలో పుస్తకాలన్నీ తిప్పినా అతని పేరు కనబడదు. ఉన్నది అమ్మమ్మగారి ఊళ్లో. ఆసుపత్రి కాన్పులకూ ఇంతే. ఇచ్ఛాపురం నుంచి బరంపురం పెద్దాసుపత్రికి, చిత్తూరు నుంచి వేలూరుకు, రాయదుర్గం నుంచి బళ్లారికి, యానాం నుంచి కాకినాడకు కాన్పుకు వెళ్లడం మామూలే. ఆ బిడ్డల నమోదు ఆసుపత్రి ఉన్న పట్టణంలోనే ఉంటుంది. అందుకే వెతకడానికి బయలుదేరే ముందు, ఇంట్లో పెద్దవాళ్లు ఉండగానే, "కాన్పు ఎక్కడ జరిగింది?" అని అడిగి రాసిపెట్టుకోండి.

నకలు అడిగే హక్కు 1969 చట్టం పదిహేడో సెక్షనులో ఉంది. రాష్ట్ర ప్రభుత్వం చేసిన నిబంధనలకు లోబడి, ఎవరైనా ఒక నమోదును వెతికించమని అడగవచ్చు. ఆ నమోదుకు సంబంధించిన పత్రం తీసుకోవచ్చు. రుసుముతో పాటు తపాలా ఖర్చుల మాట కూడా ఆ సెక్షనులోనే ఉంది. అంటే దూరాన ఉన్నవాడు ఉత్తరం రాసి అడుగుతాడని చట్టం రాసినవారు ముందే అనుకున్నారు. రిజిస్ట్రారు సంతకం, ముద్ర ఉన్న ఆ నకలు కోర్టులో సాక్ష్యంగా చెల్లుతుంది. ఇంట్లో ఉన్న పాత కాగితాన్ని జిరాక్సు తీయించి, దాని మీద ఏ అధికారి చేతనో సంతకం పెట్టించినది దీనికి సాటి రాదు.

దరఖాస్తులో రాయవలసినవి ఇవి. పుట్టిన తేదీ, పుట్టిన చోటు, బిడ్డ ఆడా మగా, తల్లి పేరు, తండ్రి పేరు, అప్పటి చిరునామా. తేదీ ఖాయంగా తెలియకపోతే ఫలానా సంవత్సరం నుంచి ఫలానా సంవత్సరం దాకా వెతకమని కోరవచ్చు. ఏడాదికింత అని వెతుకుడు రుసుము కడితే సరిపోతుంది. వెతికినా దొరక్కపోతే ఊరికే తిరిగి రాకండి. "ఈ నమోదు మా పుస్తకాల్లో లభ్యం కాలేదు" అని రాసి ఇచ్చే పత్రం ఒకటుంది, దాన్ని అడిగి తీసుకోండి. తరువాతి మెట్టుకు అదే ఆధారం.

ఆ తరువాతి మెట్టు ఆలస్య నమోదు. ఇప్పుడు బిడ్డ పుట్టిన 21 రోజుల్లోపు చెబితే రుసుము లేదు. 30 రోజుల దాకా ఆలస్య రుసుము ఉంటుంది. ఏడాది లోపయితే పై అధికారి అనుమతి కావాలి. ఏడాది దాటితే మేజిస్ట్రేటు ఉత్తర్వు కావాలి. 2023 సవరణకు ముందు అది మొదటి తరగతి మేజిస్ట్రేటు కోర్టు పని. ఇప్పుడు జిల్లా మేజిస్ట్రేటు, సబ్ డివిజనల్ మేజిస్ట్రేటు, లేదా వారు అధికారమిచ్చిన ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేటు విచారించి ఇస్తారు. అరవై ఏళ్ల మనిషి కూడా ఈ దారిలో తన పుట్టుకను నమోదు చేయించుకోవచ్చు.

పేరు గడి ఖాళీగా ఉంటే, తరువాత పేరు చేర్పించుకునే వీలు పద్నాలుగో సెక్షను ఇచ్చింది. ఏడాదిలోపు రుసుము లేకుండా, ఆ తరువాత 15 ఏళ్ల దాకా రుసుముతో అని నియమం. పాతవారి కోసం రాష్ట్రాలు అప్పుడప్పుడు గడువు పొడిగిస్తూ వచ్చాయి కాబట్టి ఆ కార్యాలయంలోనే కనుక్కోవాలి. తప్పు పడితే దిద్దుబాటుకు పదిహేనో సెక్షను. అయితే పాత రాత కొట్టివేయరు. దాన్ని అలాగే ఉంచి, పక్కన మార్జినులో సరైనది రాసి, సంతకం, తేదీ వేస్తారు. మొదట ఏం రాశారో కూడా కనబడుతూ ఉంటుంది.

మన తెలుగువారికి ఈ దిద్దుబాటు అవసరం ఎక్కువ. కారణం లిపి. తమిళంలో క, గ లకు ఒకటే అక్షరం. మన గంగమ్మ ఆ కాగితం నుంచి ఇంగ్లీషులోకి వచ్చేసరికి కంకమ్మ కావచ్చు. ఒడియాలో వెంకట, బెంకట అవుతాడు. కన్నడంలో వెంకటేశ్వర్లు చివర 'ర్లు' రాలిపోతుంది. షోలాపూరు పద్మశాలీల పిల్లలకు మహారాష్ట్ర పద్ధతిలో తన పేరు, తండ్రి పేరు, చివర ఇంటిపేరు వస్తాయి. వరంగల్లులో ఉన్న పెదనాన్న పిల్లలకు ఇంటిపేరు ముందు వస్తుంది. తమిళనాట ఇంటిపేరే పోయి తండ్రి పేరు మొదటి అక్షరం మిగులుతుంది. ఆస్తి పంపకంలోనో, పింఛనులోనో ఇద్దరూ ఒకే ఇంటివారని నిరూపించవలసి వచ్చినప్పుడు ఈ తేడాలు కొండలవుతాయి. నకలు చేతికి రాగానే అక్కడే నిలబడి ప్రతి అక్షరం చదివించుకోండి. భాష రాకపోతే తెలిసినవారిని వెంట తీసుకువెళ్లండి.

2023 అక్టోబరు 1 నుంచి అమల్లోకి వచ్చిన సవరణ ఈ కాగితం బరువును ఇంకా పెంచింది. ఆ తేదీనాడు గాని, ఆ తరువాత గాని పుట్టిన పిల్లలకు బడి ప్రవేశం, డ్రైవింగు లైసెన్సు, ఓటర్ల జాబితా, వివాహ నమోదు, ప్రభుత్వోద్యోగం వంటి వాటన్నిటికీ పుట్టిన తేదీ, చోటు రుజువు చేసేది జనన ధ్రువపత్రం. ఇక ముందు అయ్యవారు వేసిన తేదీ చెల్లదు. అంతకు ముందు పుట్టిన మనకు పాత ఆధారాలు ఇంకా పనికి వస్తాయి. అయినా పుస్తకంలో వరుస ఉంటే, దాని నకలు ఒకటి తీసి ఇంట్లో పెట్టుకోవడం మంచిది. పాత కాగితం ఏటికేడు పెళుసవుతోంది. కంప్యూటరులోకి ఎక్కినవి కొత్తవే ఎక్కువ. పాతవి ఎవరో అడిగితేనే బీరువా నుంచి బయటికి వస్తాయి.

కలరా లెక్క కోసం మొదలైన పుస్తకమిది. రాసిన మునసబుకు మన పేరు తెలియదు, మన మీద ప్రేమా లేదు. అయినా ఒక వితంతువు పింఛనుకు, వలస నేతగాడి కొడుకు చదువుకు, నేను ఈ నేల మీదే పుట్టానని చెప్పుకోవలసిన ఒక ముసలాయనకు ఆ గీతే సాక్ష్యమవుతోంది. రాష్ట్రాలు మారినా, భాషలు మారినా ఆ గీత తాను రాసిన చోటనే ఉంది.

కనుక మూడు ప్రశ్నలు మరిచిపోకండి. కాన్పు ఎక్కడ జరిగింది? ఆనాడు ఆ ఊరు ఏ జిల్లాలో ఉండేది? ఆనాటి పుస్తకం రాసింది ఎవరు? ఈ మూడింటికీ జవాబు మీ ఇంట్లో పెద్దవారి దగ్గర ఉంది. వారిని ఈ వారమే అడగండి.